ఏవిస్ చేతి బన్నులు

ఏవిస్ వెంట్‌జెల్ కారును వెనకనుంచి ట్రక్కు గుద్దింది అక్టోబరులో, ఒక గురువారం మధ్యాహ్నం. బ్రిడ్జ్‌వాటర్ టౌను నుంచి సముద్రం ఒడ్డున ఉన్న మా ఊరు హిర్టల్స్ కోవ్‌కు వచ్చే దారిలో స్కూలు బస్సు ఆగి ఎర్రదీపాలు వేసింది. అవి వెలిగితే వెనక బళ్ళన్నీ ఆగాలి. ఏవిస్ ఆగింది. ఆమె వెనక పైపులూ కుళాయిలూ వేసుకుని వస్తున్న ట్రక్కు ఆగలేదు.

కారు డిక్కీ వెనకసీటులోకి వచ్చేసింది. ఏవిస్ మాత్రం తలుపు తీసుకుని తనే దిగింది. ట్రక్కు నడిపినాయన రోడ్డు పక్కన కూర్చుని వణుకుతుంటే దగ్గరకు వెళ్ళి, "నాకేం కాలేదు, మీరు కాసిని నీళ్ళు తాగండి" అంది. పోలీసు అడిగినా అదే చెప్పింది. సాయంత్రం ఇంటికొచ్చి చేపముక్కలు వేయించింది. మర్నాడు పొద్దున మంచం మీదనుంచి లేవలేకపోయింది. ఆ మాట చెప్పడానికి మొహమాటపడి, భర్త ఓరిన్ నిద్ర లేచేదాకా అలాగే పడుకుని ఉంది.

నేను వాళ్ళ పక్కింటిదాన్ని. మా వంటగదిలోంచి చూస్తే వాళ్ళ వంటగది కిటికీ కనిపిస్తుంది. ఓరిన్ నవంబరు చివరినుంచి మే చివరిదాకా లాబ్‌స్టర్ అనే పెద్దరొయ్యలు పట్టే పడవ మీద ఉంటాడు కాబట్టి, ఆ తర్వాత రెండున్నరేళ్ళూ ఏవిస్‌ను ఆసుపత్రికీ, ఫిజియోథెరపీకీ, లాయరు దగ్గరికీ తిప్పింది ఎక్కువగా నేనే. అందుకే ఈ సంగతంతా నాకు తెలుసు. తెలియవలసినంత ముందుగా తెలియలేదు, అది వేరే మాట.

అప్పటికి ఆమెకు యాభై ఎనిమిదేళ్ళు. బ్రిడ్జ్‌వాటర్‌లో ఒక వృద్ధుల ఆశ్రమంలో ఇరవై ఒక్కేళ్ళుగా వంట చేస్తోంది. అరవై మందికి మూడు పూటలా. పొట్టి మనిషి. అక్కడ బఠాణీ సూపు కాచే గిన్నె ఆమె నడుము ఎత్తు ఉంటుంది. అంత గిన్నె ఎలా ఎత్తుతావని అడిగితే, "ఎత్తేదెవరు, బతిమాలుకుంటాను" అనేది. అరవై అయిదు వచ్చేదాకా చేసి మానేయాలని ఆమె అనుకుంది. ఓరిన్ మోకాళ్ళు ఇంకో రెండు సీజన్లకు మించి ఆగవని ఇద్దరికీ తెలుసు. ఆ పైన ఇల్లు నడవవలసింది ఏవిస్ జీతం మీదే.

దెబ్బ మెడకూ కుడి భుజానికీ తగిలింది. చెయ్యి ఛాతీ దాటి పైకి లేవదు. చిటికెనవేలూ దాని పక్కవేలూ ఎప్పుడూ తిమ్మిరే. తల పక్కకు తిప్పాలంటే మనిషి మొత్తం తిరగాలి. ఎక్స్‌రే తీస్తే ఏమీ విరగలేదు. అదే వచ్చిన చిక్కు. విరగని మెడకూ బెణికిన భుజానికీ మా దగ్గర చట్టం 'చిన్న గాయం' అని పేరు పెట్టింది. నొప్పికి ఇచ్చే డబ్బు తొమ్మిది వేల చిల్లర డాలర్ల దగ్గర ఆపేస్తుంది. అది చిన్నది కాదనీ, మనిషి చేసుకునే పనినే తీసేసిందనీ రుజువైతేనే ఆ గీత దాటవచ్చు. రుజువు చేసుకోవలసింది దెబ్బ తిన్నవాళ్ళు.

ఏవిస్ రెండుసార్లు పనిలోకి వెళ్ళింది. మొదటిసారి మూడు వారాలు. రెండోసారి నాలుగో రోజున ఉడికిన బంగాళాదుంపల గిన్నె చేతిలోంచి జారింది. ఎవరి మీదా పడలేదు. ఆశ్రమం వాళ్ళు మంచివాళ్ళు. "కోలుకునేదాకా సెలవు తీసుకో, నీ పేరు తీసెయ్యం" అన్నారు. జీతం లేని సెలవు. ఇన్సూరెన్సు నుంచి వారానికి రెండువందల యాభై డాలర్లు వచ్చేవి, అదీ రెండేళ్ళపాటే.

ఇన్సూరెన్సు కంపెనీ నుంచి ఒకావిడ ఫోన్ చేసేది. మర్యాదగా మాట్లాడేది. ఎలా ఉన్నారని అడిగితే ఏవిస్ "పర్లేదండీ" అనేది. ఆరో నెలలో ఆవిడ, అన్నీ కలిపి పదకొండు వేలు ఇస్తామని చెప్పింది. ఏవిస్ థాంక్స్ చెప్పి ఫోన్ పెట్టేసి మా ఇంటికి వచ్చింది.

"పదకొండు వేలంట, మార్జ్."

"నువ్వేమన్నావు?"

"మా ఆయన్ని అడిగి చెప్తానన్నాను. ఏదో ఒకటి అనాలిగా."

నేను ఆమెను బ్రిడ్జ్‌వాటర్‌లో షోనా మెకాస్కిల్ అనే లాయరు దగ్గరకు తీసుకెళ్ళాను. షోనాది కేప్ బ్రెటన్ దీవి. మొహం మీదే మాట్లాడే మనిషి. డాక్టరు కాగితాలన్నీ తెప్పించి, రెండోసారి వెళ్ళినప్పుడు వాటిని బల్ల మీద పరిచింది.

"డాక్టరు దగ్గరికి పందొమ్మిదిసార్లు వెళ్ళారు. పదిహేడుసార్లు ఆయన 'పర్లేదంటున్నారు' అని రాశారు."

"ఎలా ఉన్నావని ఆయన అడిగారు మరి," అంది ఏవిస్.

"అడిగితే?"

"అడిగితే ఇంకేం చెప్తారు?" అని ఏవిస్ నావైపు తిరిగింది. కుర్చీతో సహా తిరిగింది.

మా తీరంలో పడవ మునిగి ఈదుకుంటూ వచ్చినవాణ్ణి అడిగినా పర్లేదనే అంటాడు.

"ఇకనుంచి ఎక్కడ నొప్పి, ఎంత నొప్పి, ఆ వారం ఏం చెయ్యలేకపోయారు, అవి చెప్పండి," అంది షోనా. "అది ఏడుపు కాదు. సమాచారం."

"మా అమ్మ వింటే సమాధిలోంచి లేచొస్తుంది."

"రమ్మనండి. సాక్షిగా పనికొస్తారు." షోనా ఒక కాగితం మీద అంకెలు వేసింది. అరవై అయిదు దాకా రావలసి ఉండి పోయిన ఏడేళ్ళ జీతం, నొప్పి, ఇంటిపని, అన్నీ కలిపి రెండు లక్షల నలభై వేలు అడగొచ్చు. చిన్న గాయమని తేలితే అందులో ఇరవయ్యో వంతు కూడా రాదు. "ఇంట్లో వంటా అవీ ఎవరు చేస్తున్నారు?"

"అయిపోతున్నాయి," అంది ఏవిస్.

షోనా అది రాసుకుంది. నేనూ విన్నాను. ఇద్దరిలో ఎవరమూ ఇంకో ప్రశ్న వెయ్యలేదు.

ఇక్కడ బన్నుల సంగతి చెప్పాలి.

మా చర్చి హాలులో ఏడాదికి నాలుగు భోజనాలు పెడతాం. టిక్కెట్లు అమ్మి, వచ్చిన డబ్బుతో పైకప్పు బాగుచేయిస్తాం. ఎవరైనా పోతే ఖననం తర్వాత భోజనం కూడా అక్కడే. ఎవరు ఏం తేవాలో ఎవరూ అడగరు. ముప్పై ఏళ్ళుగా హామ్, అంటే పంది తొడ మాంసం, విల్డా ఐజెన్‌హౌర్‌ది, క్యాబేజీ సలాడ్ నాది, బన్నులు ఏవిస్‌వి. బంగాళాదుంపలు ఉడికించిన నీళ్ళతో పిండి కలిపి, ఒక్కసారికి ఇరవై డజన్లు చేస్తుంది. హాలు పెత్తనమంతా విల్డాది. వయసు మీదపడి చేతకానివాళ్ళకు విల్డా కాగితం రుమాళ్ళు అప్పజెబుతుంది. "ఈసారికి నువ్వు రుమాళ్ళు తెచ్చెయ్, చాలు" అంటుంది, ఎంతో ప్రేమగా. ఒకసారి రుమాళ్ళు తెచ్చినవాళ్ళ చేతికి మళ్ళీ వంటకం రావడం నేను చూడలేదు. మా అత్తగారు రుమాళ్ళు తెచ్చిన ఏడాదే మంచం పట్టింది. రెంటికీ సంబంధం లేదు గాని, లేదని మా ఇంట్లో ఎవరూ అనరు.

ట్రక్కు గుద్దిన రెండు నెలలకు క్రిస్మస్ భోజనం వచ్చింది. విల్డా ఏవిస్‌కు ఫోన్ చేసి, "చూడూ, ఈసారికి నువ్వు..." అని మొదలుపెట్టింది.

"ఇరవై డజన్లేగా," అంది ఏవిస్.

ఇరవై డజన్లు వచ్చాయి. ఆ తర్వాతా వస్తూనే ఉన్నాయి. భోజనమైన మరుసటి వారం టౌను పత్రికలో హాలు తరఫున పేరుపేరునా కృతజ్ఞతలు వేస్తారు. అందులో ఏవిస్ పేరు పడుతూనే ఉంది. భుజం అలా ఉండి కూడా చేసిందంటే ఏవిస్సే చెయ్యాలి అనుకున్నాం. నేను ఆమె మొహం మీదే మెచ్చుకున్నాను. భోజనాల ముందురోజు సాయంత్రం వాళ్ళ వంటగది కిటికీకి తెర వేసి ఉండేది. అలసిపోయి పెందలాడే పడుకుందనుకున్నాను.

రెండేళ్ళు గడిచి వారం వారం వచ్చే డబ్బు ఆగిపోయాక, నవంబరులో, అవతలి లాయరు ఏవిస్‌ను ప్రశ్నించే రోజు వచ్చింది. కోర్టు కాదు. ఒక ఆఫీసు గదిలో ప్రమాణం చేయించి అడుగుతారు. ప్రతి మాటా టైపు చేస్తారు. ఆ మాటల మీదే కంపెనీ ఎంతివ్వాలో తేల్చుకుంటుంది. నేను బయట కూర్చున్నాను. పొద్దున తొమ్మిదిన్నరకు లోపలికి వెళ్ళిన మనిషి మూడింటికి బయటికి వచ్చింది.

"ఎలా అయింది?" అన్నాను.

"పర్లేదు," అంది.

దారిలో బ్రెడ్డు కొనుక్కోవాలి, కొట్టు దగ్గర ఆపమంది. ఆమె బ్రెడ్డు కొనడం నేనెప్పుడూ చూడలేదు. అయినా అడగలేదు. అడిగే అలవాటు మాకు లేదు.

మూడు వారాలకు టైపు చేసిన ప్రతి పోస్టులో వచ్చింది. ఏవిస్ మెడ వంచి పది నిమిషాలకు మించి చదవలేదు. వాళ్ళ వంటగది బల్ల దగ్గర కూర్చుని నేనే పైకి చదివాను. ఓరిన్ కాఫీ కలిపిచ్చి పడవ సామాను సర్దుకోవడానికి షెడ్డులోకి వెళ్ళిపోయాడు. అవతలి లాయరు పేరు ప్రాట్. కాగితం మీద కూడా మర్యాదస్తుడే. భోజనం వేళదాకా మెడా, భుజమూ, మందులూ. తర్వాత ఇలా ఉంది.

"మీరు పిండి పిసకలేరని మీ ఫిజియోథెరపిస్టు రాశారు. నిజమేనా?"

"నిజమే."

"ఇది మీ టౌను పత్రిక. 'ఇరవై డజన్ల బన్నులు చేసి ఇచ్చిన ఏవిస్ వెంట్‌జెల్‌కు హాలు కృతజ్ఞతలు.' ఆ ఏవిస్ వెంట్‌జెల్ మీరేనా?"

"నేనే."

"ప్రమాదం జరిగాక ఇలాంటివి ఎనిమిది వచ్చాయి. ఎనిమిదీ నా దగ్గరున్నాయి."

"మొత్తం పదమూడండి. చావు భోజనాలకి పేపర్లో వెయ్యరు."

ఇక్కడ నేను చదవడం ఆపాను.

"అయిదు నువ్వే కలిపావా?" అన్నాను.

"ప్రమాణం చేశాను కదే. చదువు."

మళ్ళీ ప్రాట్ ప్రశ్న దగ్గర అందుకున్నాను.

"అంటే పదమూడుసార్లు, ఇరవయ్యేసి డజన్లు."

"చావులకి పన్నెండే."

"పిండి పిసకలేని మనిషి చేశారు."

తర్వాత వరుసలో ఏవిస్ జవాబు ఉంది.

"మా ఆయన చేశాడండి. నేను పక్కన కుర్చీలో కూర్చుని చెప్పాను. ఆయన చేశాడు."

"ఆయన చేస్తుండగా ఎవరైనా చూశారా?"

"లేదు. తెర వేసుకున్నాం."

"ఎందుకు?"

"అవి నా బన్నులు కాబట్టి."

"మీరే చేశారని ఊళ్ళోవాళ్ళకి చెప్పారు."

"చెప్పలేదు. కాదనీ చెప్పలేదు."

"పదమూడుసార్లు."

"పదమూడుసార్లు."

"అయితే మీరు అప్పుడు వాళ్ళని లేనిది నమ్మించి ఉండాలి, లేదా ఇప్పుడు నన్ను లేనిది నమ్మిస్తూ ఉండాలి. రెంటిలో ఏది?"

"అప్పుడు," అని ఉంది.

నేను కాగితాలు బల్ల మీద పెట్టాను. ఏవిస్ కిటికీవైపు చూస్తూ కూర్చుంది. చూస్తే అక్కడ మా కిటికీ ఉంది.

"నాకైనా చెప్పొచ్చుగా," అన్నాను.

"నీకు చెప్తే నువ్వు పొగడటం మానేస్తావు. అది విల్డాకి తెలిసిపోతుంది." చల్లారిన కాఫీ పక్కకు జరిపి, "రెండుసార్లు ఓరిన్ కూడా పిసికిన చెయ్యి విదిలించుకుంటూ మానేద్దామన్నాడు పాపం. నేనే వద్దన్నాను. నా జుట్టు కూడా తనే దువ్వుతున్నాడు మార్జ్. అదెవరికి చెప్పను?" అంది.

డిసెంబరులో కంపెనీ నుంచి ఉత్తరం వచ్చింది. వాళ్ళు పదకొండు వేల మీదే ఉన్నారు. ఉత్తరంలో 'విశ్వసనీయత' అన్న మాట మూడుసార్లు ఉంది. షోనా మమ్మల్ని పిలిచింది. ఈసారి అంకెలు వెయ్యలేదు.

"మీరు అబద్ధమాడుతున్నారని నేను అనుకోవడం లేదు. కాని జడ్జి ముందు ఇదెలా ఉంటుందో చూడండి. డాక్టరుకి పర్లేదన్నారు. చర్చివాళ్ళని బన్నులు మీవేనని నమ్మనిచ్చారు. ఇప్పుడొచ్చి నొప్పి అంటున్నారు. ఎవరి మాట పట్టుకోవాలి?"

"ఓరిన్ చెప్తాడు," అన్నాను.

"ఆయన భర్త. చెప్పక ఏం చేస్తాడంటారు. ఇంటి బయటివాళ్ళు ఎవరైనా కావాలి. మీరేం చూశారు?"

"తెర చూశాను."

షోనా నిట్టూర్చింది. "ఆ హాలు చూసుకునేది ఎవరు?"

ఏవిస్‌కు విల్డా దగ్గరకు వెళ్ళి నిజం చెప్పడానికి మనసు కుదుర్చుకోవడానికి పదిరోజులు పట్టింది. ఒకరోజు విల్డాకు ఒంట్లో బాగోలేదంది. ఒకరోజు మంచు అంది. చివరికి జనవరి మొదట్లో, విల్డా హాలులో క్రిస్మస్ అలంకారాలు తీసి పెట్టెల్లో పెడుతుంటే వెళ్ళాం. విల్డాకు డెబ్బై రెండేళ్ళు. మేం వచ్చినా బల్ల తుడవడం ఆపలేదు.

"విల్డా, నీకో సంగతి చెప్పాలి. ఆ బన్నులు..."

"ఓరిన్ చేస్తున్నాడు," అంది విల్డా.

ఏవిస్ దగ్గరున్న కుర్చీలో కూర్చుంది.

"ఎవరు చెప్పారు?"

"ఒకరు చెప్పాలా? నీ బన్ను నా గుప్పిట్లో పడుతుంది. ఆ క్రిస్మస్‌కి వచ్చినవి ఒక్కొక్కటీ ఓరిన్ పిడికిలంత ఉన్నాయి. వాటిలో పెట్టడానికి హామ్ చాలక ఇంకోటి తెప్పించాల్సొచ్చింది. అప్పట్నుంచీ ప్రతిసారీ మూడు కొనేదాన్ని నాలుగు కొంటున్నాను."

"మరి అప్పుడే అనలేదేం?"

"ఏమనను? ఇరవై డజన్లేగా అన్నావు. లెక్కపెట్టాను. ఇరవై ఉన్నాయి." విల్డా గుడ్డ పిండి బల్ల రెండోవైపుకు వచ్చింది. "మొదటి రెండుసార్లు అడుగు మాడ్చాడు."

"పై అరలో పెట్టమంటే వింటేగా."

"ఈమధ్య నయమే. మొన్న డేరిల్ వాళ్ళ నాన్న చావుకి చేసినవి బావున్నాయి."

"నువ్వు రుమాళ్ళు తెమ్మంటావని భయపడ్డాను, విల్డా."

"తెమ్మనేదాన్నే," అంది విల్డా. "అందుకేగా నువ్వు నోరు మూసుకున్నావు, నేనూ మూసుకున్నాను."

అంతవరకు బాగానే జరిగింది. ఇదంతా లాయరు ముందు ప్రమాణం చేసి చెప్పాలని ఏవిస్ అన్నాక, విల్డా మొదటిసారి బల్ల తుడవడం ఆపింది. పత్రికకు ఆ కృతజ్ఞతలు రాసి పంపేది విల్డానే. నలభై ఏళ్ళుగా హాలు కార్యదర్శి. చందా ఇచ్చినవాళ్ళ పేరులో ఒక్క అక్షరం తేడా వచ్చినా సవరణ వేయించే మనిషి.

"అంటే తెలిసి తెలిసి ఎనిమిదిసార్లు పేపర్లో తప్పు రాయించింది నేనని చెప్పాలి," అంది.

"అవును."

"ప్రమాణం చేసి."

"ఇష్టం లేకపోతే వద్దులే. పదకొండు వేలు ఇస్తామంటున్నారు," అంది ఏవిస్. బెదిరింపుగా అనలేదు. ఆమె నిజంగానే ఆ మాటకు సిద్ధపడి వచ్చిందని నాకు తెలుసు. దారిలో కారులో, అంతా కలిపి పదకొండు వేలతో ఇల్లు ఎన్ని నెలలు నడుస్తుందో వేళ్ళ మీద చూసుకుంటూ వచ్చింది.

విల్డా తడిగుడ్డ మడిచి బల్ల అంచు మీద ఆరేసింది.

"సోమవారం నాకు కుదరదు," అంది. "మంగళవారం వస్తాను."

విల్డా చెప్పింది నాలుగు పేజీలు వచ్చింది. పాత బన్ను ఎంత వెడల్పో, కొత్తది ఎంతో, ఏ భోజనానికి ఎన్ని హామ్‌లు పట్టాయో చెప్పింది. అయిదేళ్ళ కొట్టు రసీదులు బూట్ల డబ్బాలో తెచ్చి బల్ల మీద పెట్టింది. ట్రక్కు గుద్దకముందు ప్రతిసారీ మూడు. ఆ తర్వాత ప్రతిసారీ నాలుగు. షోనా ఆ రసీదులు రెండుసార్లు చూసి నవ్వింది. ఆ కేసులో ఆమె నవ్వడం నేను చూసింది అదొక్కసారే. చివరి పేజీలో, తప్పని తెలిసే పత్రికకు రాశాననీ, దానికి బాధ్యత తనదేననీ విల్డా తనంతట తనే రాయించింది. అది రాయనక్కర్లేదని షోనా చెప్పినా వినలేదు.

విల్డా చెప్పాక సంగతి ఊళ్ళో దాగలేదు. రేవులో తోటి జాలర్లు ఓరిన్‌ను ఎగతాళికి పట్టుకున్నారు.

"ఓరిన్, మా ఆవిడ అడిగి రమ్మంది. పిండి ఎంతసేపు నాననివ్వాలి?"

"రెండు గంటలు," అన్నాడట ఓరిన్, తాడు చుడుతూ. "నీ బుర్రకన్నా త్వరగానే పొంగుతుంది."

అలా నాలుగు రోజులు జవాబులు చెప్పి, అయిదో రోజునుంచి రేవులో టీ తాగే గదికి వెళ్ళడం మానేశాడు. పడవలోంచి దిగి నేరుగా ఇంటికి వచ్చేవాడు. ఏవిస్ వెళ్ళమంటే "చలిగా ఉంది" అనేవాడు. ఆ గదిలో పొయ్యి ఉంటుంది. ఇద్దరికీ తెలుసు.

మార్చిలో కంపెనీ మాట్లాడుకుందామంది. హోటల్లో రెండు గదులు. ఒకదాంట్లో ప్రాట్, కంపెనీ మనిషి. ఇంకోదాంట్లో షోనా, ఏవిస్, తోడుగా నేను. మధ్యవర్తిగా వచ్చిన ఒక రిటైరైన జడ్జి రోజంతా ఈ గదికీ ఆ గదికీ తిరిగాడు. పొద్దున నలభై వేలు అన్నారు. మధ్యాహ్నానికి ఎనభై అయిదు. చిన్న గాయం అన్న మాట మాత్రం ఆ రోజు వాళ్ళ నోట రాలేదు. సాండ్‌విచ్‌లు వచ్చాయి, ఎవరూ తినలేదు. నాలుగు దాటాక ఆ పెద్దాయన వచ్చి, లక్షా ముప్పై అయిదు వేలు, ఇదే ఆఖరు అని చెప్పి తలుపు వేసి వెళ్ళాడు.

షోనా కుర్చీ దగ్గరగా లాక్కుంది.

"కోర్టుకి వెళ్దామంటే వెళ్దాం. వచ్చే ఏడాది అక్టోబరుకి వస్తుంది. రెండు లక్షలు రావచ్చు. యాభై వేలే రావచ్చు. మీరు ఒకటిన్నర రోజు బోనులో నిలబడాలి. ఓరిన్ నిలబడాలి. విల్డా నిలబడాలి."

"ఇది న్యాయమైన మొత్తమేనా?" అంది ఏవిస్.

"కాదు."

"ఎంత తక్కువ?"

"సగం దారిలో ఉంది."

తన ఫీజూ, పన్నూ, డాక్టర్ల రిపోర్టుల ఖర్చూ పోను ఎనభై అయిదు వేలు చేతికి వస్తాయని షోనా చెప్పింది. అంటే రెండేళ్ళ పైచిలుకు జీతం. పోయినవి ఏడేళ్ళు. ఏవిస్ ఆ లెక్క పైకి అనలేదు. పొద్దుటినుంచీ ఒకే కుర్చీలో కూర్చోవడం వల్ల ఆమె మెడ ఒకవైపుకు వాలిపోయి ఉంది. చేత్తో పట్టుకుని నిలబెట్టుకుంటోంది.

"చిన్న గాయం కాదని అందులో రాస్తారా?"

"రాయరు. తమ తప్పని ఒప్పుకోవడం లేదని రాస్తారు."

"గుద్దలేదనా?"

"గుద్దిన మాట ఒప్పుకోవడం లేదని."

"మరి డబ్బెందుకిస్తున్నారు?"

"మీరు ఇంక అడగకుండా ఉండటానికి."

ఏవిస్ కొంచెం నవ్వింది. నవ్వితే నొప్పి. "నాకూ ఇంక అడిగే ఓపిక లేదులెండి," అంది. బయటికి వెళ్ళి ఓరిన్‌కు ఫోన్ చేసింది. ఒక్క నిమిషం కూడా మాట్లాడలేదు. తిరిగి వచ్చి, "నీ మెడ, నీ ఇష్టం అన్నాడు," అని చెప్పి, ఎనిమిది చోట్ల సంతకం చేసింది.

ఆమె ఇక ఆ పనికి వెళ్ళే స్థితిలో లేదన్న లెక్క మీద కంపెనీ ఇచ్చిన డబ్బు అది. అది తెలిసి కూడా ఆశ్రమానికి రాజీనామా ఇవ్వడానికి ఏప్రిల్ దాకా ఆగింది. రెండున్నరేళ్ళుగా వంటగది గోడ మీద డ్యూటీ కాగితంలో ఆమె పేరు ఉంటూనే ఉంది, ఎదురుగా ఖాళీ గళ్ళతో. ఒక బుధవారం తీసుకెళ్ళమని అడిగింది. వెళ్ళాం.

లాకరులో ఒక జత బూట్లూ, రెండు ఏప్రన్లూ, గడువు దాటిపోయిన దగ్గుబిళ్ళలూ ఉన్నాయి. నేను సంచీలో వేశాను. ఆఫీసులో సూపర్‌వైజరు పమేలా ఒక ఫారం ఇచ్చింది. పేరు, చేరిన తేదీ, మానేసిన తేదీ. కింద 'మానేయడానికి కారణం' అని నాలుగు గళ్ళు. వేరే ఉద్యోగం, ఊరు మారడం, పదవీ విరమణ, ఇతరం. ఇతరం పక్కన చిన్న గీత.

"పదవీ విరమణ అని పెట్టేద్దామా?" అంది పమేలా. ఆమె మంచికే అంది. "కేకు కోయిద్దాం. ఒక శుక్రవారం చూసుకుని అందర్నీ పిలుద్దాం. మీరెలా ఉన్నారిప్పుడు?"

ఏవిస్ ఫారం వంక చూస్తోంది. ఆమె నోటికి ఏ మాట వస్తుందో నాకు తెలుసు. పమేలాకూ తెలుసు. అప్పటికే తల ఊపడానికి సిద్ధంగా ఉంది.

"బాగాలేను," అంది ఏవిస్.

పమేలా తల ఊపడం సగంలో ఆగిపోయింది. ఏవిస్ పెన్ను తీసుకుని ఇతరం అన్న గడిలో టిక్కు పెట్టింది. పక్కన గీత మీద రాయడం మొదలుపెట్టింది. తిమ్మిరి వేళ్ళలో పెన్ను నిలవక, ఒక్కో అక్షరం దగ్గరా ఆగి మళ్ళీ పట్టుకుంటోంది. తను రాస్తాను, చెప్పమంది పమేలా. ఏవిస్ వినిపించుకోలేదు. మేమిద్దరం చూస్తూ నిలబడ్డాం. 'ట్రక్కు గుద్దింది. ఈ పని ఇక చేయలేను' అని రాసింది. గీత సగంలోనే అయిపోయి, మిగతా మాటలు కింద మార్జిన్లోకి దిగాయి.